కెమెరా వెనక మన అక్కలు

సినిమా అంటే మనకు ఏం గుర్తుకొస్తుంది? హీరో గుర్తుకొస్తాడు. హీరోయిన్ గుర్తుకొస్తుంది. పాటలు, ఫైటింగులు గుర్తుకొస్తాయి. తెర మీద కనిపించిన వాళ్ళే మన మనసులో ఉంటారు.

కాని తెర మీద కనిపించని వాళ్ళు ఎంతోమంది ఉంటారు. కెమెరా పట్టే వాళ్ళుంటారు. మాటను, చప్పుడును రికార్డు చేసే వాళ్ళుంటారు. తీసిన బొమ్మలను కత్తిరించి వరసగా పేర్చే వాళ్ళుంటారు. సినిమా అయిపోయాక వీళ్ళ పేర్లే తెర మీద గబగబా పైకి పోతాయి. అప్పటికి మనం లేచి చెప్పులు వెతుక్కుంటూ ఉంటాం.

ఈ పాఠంలో ఆ కనిపించని పని గురించి తెలుసుకుందాం. అయితే ఇది హైదరాబాదు స్టూడియోల కథ కాదు. జహీరాబాదు చుట్టుపక్కల పల్లెల్లో కూలికి పోతూ, ఎవుసం చేసుకుంటూ బతికిన ఆడవాళ్ళ కథ. వాళ్ళలో చాలామంది బడి మొహం చూడలేదు. అయినా కెమెరా పట్టారు, సినిమాలు తీశారు. ఆ సినిమాలు దేశాలు దాటిపోయాయి.

ఇదెట్లా జరిగిందో చూద్దాం.

డాక్యుమెంటరీ అంటే ఏమిటి?

సినిమాలు రెండు రకాలు. ఒకటి కథ సినిమా. అందులో మనుషులు వేషం వేసుకుని నటిస్తారు. వాన లేకపోయినా పైపుతో నీళ్ళు కొట్టి వాన కురిపిస్తారు.

రెండోది డాక్యుమెంటరీ. ఇందులో నటన ఉండదు. ఉన్న మనుషులను, ఉన్న ఊరిని, జరిగిన పనిని చూపిస్తారు. చెరువు ఎండిపోతే ఎండిన చెరువునే చూపిస్తారు. బీడీలు చుట్టే ఆమె బతుకు చెప్పాలంటే, బీడీలు చుట్టే ఆమెనే చూపిస్తారు.

మామూలుగా ఈ డాక్యుమెంటరీలు ఎవరు తీస్తారు? పట్నం నుంచి జీపులో కొందరు వస్తారు. వాళ్ళ దగ్గర కెమెరా ఉంటుంది. ఒక రోజో రెండు రోజులో ఊళ్ళో ఉంటారు. నాగలి పట్టిన రైతును తీస్తారు. నీళ్ళు మోసే ఆడమనిషిని తీస్తారు. తీసుకుని వెళ్ళిపోతారు. ఆ సినిమా మన ఊరికి మళ్ళీ రాదు.

ఎప్పుడైనా టీవీలో అట్లాంటి సినిమా చూస్తే ఒక సంగతి గమనించండి. రైతు నోరు కదులుతూ ఉంటుంది. కాని వినిపించేది ఆయన మాట కాదు. ఎవరో చదువుకున్నాయన వెనక నుంచి మాట్లాడుతుంటాడు. "ఈ గ్రామ ప్రజలు ఎన్నో సమస్యలు ఎదుర్కొంటున్నారు" అంటాడు. రైతు ఏమన్నాడో మనకు తెలియదు. బొమ్మ రైతుది, మాట వేరేవాళ్ళది.

మరి మాట కూడా రైతుదే కావాలంటే ఏం చేయాలి? కెమెరా రైతు చేతికి రావాలి.

పస్తాపూర్‌లో మొదలైన పని

జహీరాబాదు పక్కన పస్తాపూర్ అనే ఊరుంది. అది అప్పట్లో మెదక్ జిల్లా. 2016లో జిల్లాలను విడదీసినప్పుడు సంగారెడ్డి జిల్లాలోకి వచ్చింది. ఆ ఊళ్ళో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అనే సంస్థ 1983లో పని మొదలుపెట్టింది. క్లుప్తంగా డి.డి.ఎస్. అంటారు.

ఈ సంస్థ ఊరూరా ఆడవాళ్ళతో సంఘాలు పెట్టించింది. సుమారు 75 ఊళ్ళలో సంఘాలు ఏర్పడ్డాయి. దాదాపు 5000 మంది ఆడవాళ్ళు చేరారు. వాళ్ళలో ఎక్కువ మంది దళితులు. సెంటు భూమి లేనివాళ్ళు, ఎకరమో రెండెకరాలో ఉన్నా అది బీడుగా పడి ఉన్నవాళ్ళు. సంఘాల ద్వారా వాళ్ళు బీడు భూములను సాగులోకి తెచ్చారు. జొన్న, సజ్జ, కొర్ర, సామ, కంది పండించారు. పోగొట్టుకున్న పాత విత్తనాలను వెతికి తెచ్చి దాచుకున్నారు. విత్తనాలను ఎడ్లబండ్ల మీద పెట్టి ఊరూరా తిప్పే పాత పంటల జాతర వీళ్ళదే. 2019లో ఐక్యరాజ్యసమితి వాళ్ళు ఇచ్చే ఈక్వేటర్ బహుమతి ఈ సంస్థకు వచ్చింది.

ఈ సంస్థను నడిపిన వాళ్ళలో ముఖ్యుడు పి.వి. సతీష్. ఆయన 2023లో చనిపోయారు. సంస్థలోకి రాకముందు ఆయన దూరదర్శన్‌లో కార్యక్రమాలు తయారు చేసేవారు. టీవీ పని లోపలి నుంచి తెలిసిన మనిషి. 1990ల చివరలో సంఘం ఆడవాళ్ళకు వీడియో కెమెరా నేర్పే పని మొదలైంది. 2001లో ఆ ఆడవాళ్ళదే ఒక సంస్థ ఏర్పడింది. దాని పేరు కమ్యూనిటీ మీడియా ట్రస్టు. అంటే జనమే నడుపుకునే వార్తల, బొమ్మల సంస్థ అన్నమాట.

చదువు రాకుండా కెమెరా ఎట్లా?

చాలామందికి ఈ అనుమానం వస్తుంది. కెమెరా ఖరీదైన వస్తువు. దాని మీద ఇంగ్లీషు అక్షరాలుంటాయి. చదువు రానివాళ్ళు దాన్ని ఎట్లా వాడతారు?

కొంచెం ఆలోచించండి. విత్తనం వేసే ఆమె ఏ పుస్తకం చదివి నేర్చుకుంది? ఎంత లోతున వేయాలి, ఎంత ఎడం ఉంచాలి, నేల ఎంత తడిగా ఉండాలి, ఇవన్నీ చేత్తో, కంటితో నేర్చుకుంది. కెమెరా పని కూడా చేతి పనే, కంటి పనే. ఏ మీట నొక్కితే మొదలవుతుంది, ఏ చక్రం తిప్పితే బొమ్మ తేటపడుతుంది, వెలుగు ఎటు నుంచి వస్తే మొహం కనబడుతుంది, ఇవి చేస్తూ చేస్తూ వస్తాయి. సూర్యుడికి ఎదురుగా కెమెరా పెడితే మనిషి నల్లగా నీడలా కనిపిస్తాడు. ఈ సంగతి తెలియడానికి అక్షరాలు అక్కర్లేదు. ఒకసారి తీసి చూసుకుంటే చాలు.

పట్నంలో సినిమా చదువు చదివిన వాళ్ళు కెమెరా చూపులకు ఇంగ్లీషు పేర్లు నేర్చుకుంటారు. ఈ అక్కలు ఆ పేర్లు పక్కన పెట్టారు. తమ బతుకులో నుంచే పేర్లు తీసుకున్నారు.

కెమెరా ఎత్తు మీద నుంచి కిందికి చూస్తే ఎదుటి మనిషి చిన్నగా కనిపిస్తాడు. అది అరుగు మీద కూర్చున్న పటేలు, కింద నిలబడ్డ కూలి మనిషిని చూసినట్టుంటుంది. కెమెరా కింద నుంచి పైకి చూస్తే ఎదుటి మనిషి పెద్దగా, భయపెట్టేలా కనిపిస్తాడు. అది జీతగాడు దొరను చూసినట్టుంటుంది. మరి కెమెరా మనిషి కంటికి సరిసమానంగా ఉంటే? అది సంఘంలో అందరూ గుండ్రంగా కింద కూర్చుని ఒకరినొకరు చూసుకున్నట్టుంటుంది. అందుకే దానికి "సంఘం షాట్" అని పేరు పెట్టారు. షాట్ అంటే కెమెరా ఒకసారి మొదలై ఆగేదాకా తీసిన ముక్క.

ఇది పేర్ల ముచ్చటే అనుకోకండి. మనిషిని ఏ ఎత్తు నుంచి చూస్తామో, ఆ మనిషికి ఎంత విలువ ఇస్తామో అందులో తెలిసిపోతుంది. మంచం మీద కూర్చున్న వాళ్ళకు, నేల మీద కూర్చున్న వాళ్ళకు తేడా ఏమిటో దళిత ఆడవాళ్ళకు ఎవరూ చెప్పనక్కర్లేదు.

ఒక సినిమా ఎట్లా తయారవుతుంది?

తెర మీద అరగంట కనిపించే సినిమా వెనక నెలల పని ఉంటుంది. ఆ పనులు ఇవి.

1. విషయం తెలుసుకోవడం. కెమెరా సంచీలో ఉండగానే సగం పని జరుగుతుంది. ఊళ్ళోకి పోవాలి, మనుషులతో కూర్చోవాలి. ఏం జరిగింది, ఎప్పుడు జరిగింది, ఎవరికి నష్టమైంది అని అడగాలి. ఒకరు చెప్పింది ఇంకొకరిని అడిగి సరిచూసుకోవాలి.

2. ఒప్పుకోలు అడగడం. ఎవరినైనా తీసే ముందు వాళ్ళను అడగాలి. "అక్కా, నీ మాట రికార్డు చేస్తం. దీన్ని పది ఊళ్ళలో చూపిస్తం. నీకు ఇష్టమేనా?" అని చెప్పాలి. అప్పు గురించి, మొగుడు కొట్టడం గురించి, పటేలు గురించి మాట్లాడిన మనిషికి సినిమా చూపించాక కష్టం రావచ్చు. సినిమా తీసినవాళ్ళు ఇంటికి పోతారు. మాట్లాడినామె ఆ ఊళ్ళోనే ఉండాలి. ఆమె వద్దంటే తీయకూడదు. తీశాక వద్దన్నా ఆ ముక్క తీసెయ్యాలి.

3. బొమ్మ తీయడం. కెమెరాను మూడుకాళ్ళ స్టాండు మీద పెడితే బొమ్మ ఊగదు. ముందు దూరం నుంచి ఊరంతా కనిపించేలా తీస్తారు. తరువాత మనిషి నడుము దాకా తీస్తారు. ఆ తరువాత దగ్గరకు పోయి మొహం, చేతులు తీస్తారు. పత్తి ఏరే ఆమె మాట వింటున్నప్పుడు ఆమె గీరుకుపోయిన వేళ్ళు కూడా చూపిస్తే, ఆ మాట బరువు ఇంకా పెరుగుతుంది.

4. చప్పుడు పట్టడం. ఇది ఎవరూ పట్టించుకోని పని. బొమ్మ కొంచెం మసకగా ఉన్నా జనం ఓర్చుకుంటారు. మాట వినబడకపోతే లేచి పోతారు. మైకు మాట్లాడే మనిషికి దగ్గరగా ఉండాలి. చెవులకు పెట్టుకునే హెడ్‌ఫోను పెట్టుకుని వినాలి. గాలి కొడితే మైకులో "బర్ర్" మని వస్తుంది. పక్కన పిండి మర తిరుగుతుంటే ఆపేదాకా ఆగాలి. లేకపోతే వేరే చోటికి పోవాలి.

5. కత్తిరించి పేర్చడం. దీన్ని ఎడిటింగ్ అంటారు. పది గంటలు తీస్తే అరగంట మిగులుతుంది. ఏది ఉంచాలి, ఏది తీసెయ్యాలి, ఏది ముందు, ఏది వెనక? ఇక్కడే నిజం నిలబడుతుంది, ఇక్కడే చెడిపోతుంది. ఒక రైతు "మందు కొడితే పురుగు పోయింది, కాని అప్పు మిగిలింది" అన్నాడనుకోండి. మొదటి సగం ఉంచి రెండో సగం కోసేస్తే ఏమవుతుంది? రైతు నోటితోనే రైతు అనని మాట చెప్పించినట్టవుతుంది. అందుకే ఎడిటింగ్ చేసేవాళ్ళకు చెయ్యి తిరిగి ఉండటమే చాలదు, నీతి కూడా ఉండాలి.

6. చూపించడం. సినిమా తయారయ్యాక తీసిన ఊళ్ళోనే ముందు చూపించాలి. అందులో మాట్లాడిన వాళ్ళు చూసి, ఇది సరే, ఇది తప్పు అని చెప్పాలి. తరువాతే బయటికి పంపాలి.

వరంగల్ పత్తి చేలకు

ఈ అక్కలు తీసిన సినిమాల్లో పెద్ద పేరొచ్చింది పత్తి మీద తీసిన వాటికి.

2002 మార్చిలో మన దేశంలో బి.టి. పత్తికి ప్రభుత్వం మొదటిసారి అనుమతి ఇచ్చింది. మట్టిలో ఉండే ఒక సూక్ష్మజీవి నుంచి తీసిన గుణాన్ని పత్తి విత్తనంలో కలుపుతారు. అప్పుడు మొక్కలోనే పురుగును చంపే విషం తయారవుతుంది. కాయతొలుచు పురుగు రాదని, మందుల ఖర్చు తగ్గుతుందని ప్రచారం చేశారు. మామూలు విత్తనం కంటే ధర మాత్రం ఎన్నో రెట్లు ఎక్కువ.

వరంగల్ పత్తి రైతుల కష్టం మీకు తెలిసిందే. 1997, 98లలో పురుగు పడి, పంట పోయి, అప్పుల పాలై అక్కడ ఎంతోమంది రైతులు ప్రాణాలు తీసుకున్నారు. అలాంటి చోట కొత్త విత్తనం వచ్చింది. అది నిజంగా ఏం చేస్తోంది? ఎవరు చెప్పాలి? కంపెనీ వాళ్ళు ఒకటి చెబుతారు, ఆఫీసర్లు ఒకటి చెబుతారు. విత్తిన రైతును అడగాలి.

జహీరాబాదు అక్కలు కెమెరా తీసుకుని దాదాపు 250 కిలోమీటర్లు పోయారు. పట్నం వాళ్ళలా ఒక్కసారి పోయి రాలేదు. చేను ఎదుగుతున్నప్పుడు పోయారు. పత్తి ఏరేటప్పుడు పోయారు. అవే ఊళ్ళకు మళ్ళీ మళ్ళీ పోయారు. ఎంత పెట్టుబడి పెట్టారు, ఎన్నిసార్లు మందు కొట్టారు, ఎన్ని క్వింటాళ్ళు దిగింది, ఏం ధర పలికింది అని అడిగారు. ఎవుసం తెలిసిన మనిషి అడిగే ప్రశ్నలివి. చేనుకు చేను పక్కన నిలబడి, రైతుతో రైతు మాట్లాడినట్టు మాట్లాడారు.

2003లో వాళ్ళ సినిమా బయటికి వచ్చింది. బి.టి. పత్తి మీద వరంగల్ రైతులకు కోపమెందుకు అన్నదే ఆ సినిమా పేరు, దాని విషయం కూడా. మూడు పంటలు చూసి 2005లో మరొకటి తీశారు. తరువాత వేరే దేశాల రైతుల దగ్గరికి కూడా పోయారు. ఆఫ్రికాలోని మాలి, దక్షిణాఫ్రికా దేశాల్లో, ఇటు ఇండోనేషియాలో పత్తి రైతుల మాటలు రికార్డు చేశారు. ఆ సినిమా 2007లో వచ్చింది. మాలి రైతు భాష వేరు, మన భాష వేరు. కాని ఎండిన మొక్కను చేత్తో పట్టుకుని చూపిస్తే అర్థం కాని రైతు ఏ దేశంలోనూ ఉండడు.

2005 మేలో మొదట వచ్చిన మూడు రకాల బి.టి. పత్తి విత్తనాలకు ఆంధ్రప్రదేశ్‌లో అనుమతి కొనసాగించడానికి కేంద్ర కమిటీ ఒప్పుకోలేదు. దానికి సినిమా ఒక్కటే కారణం అనలేం. రైతులు ఆందోళన చేశారు, పరిశోధకులు లెక్కలు తీశారు, ప్రభుత్వం కూడా నష్టాన్ని చూసింది. ఇంకో సంగతి కూడా చెప్పుకోవాలి. తరువాత వేరే రకాల బి.టి. విత్తనాలు వచ్చాయి. కొన్నేళ్ళలోనే దేశంలో పత్తి చేలన్నీ దాదాపు వాటితోనే నిండిపోయాయి. లాభం వచ్చిందన్న రైతులూ ఉన్నారు. ఆ తరువాత గులాబీ రంగు పురుగు ఆ విషానికి తట్టుకునే బలం తెచ్చుకుంది, మళ్ళీ చేలల్లో పడింది. ఈ వాదన ఇంకా ముగియలేదు.

మరి సినిమా వల్ల ఏం ఒరిగింది? వాదనలో రైతు మాట కూడా సాక్ష్యంగా నిలబడింది. "వాళ్ళకేం తెలుసు" అనేవాళ్ళ ముందు పెట్టడానికి ఒక రుజువు దొరికింది.

గాలిలో మన గొంతు

కెమెరాతో పాటు ఈ ఆడవాళ్ళు రేడియో కూడా నేర్చుకున్నారు. యునెస్కో సాయంతో 1990ల చివరలోనే మాచునూరులో రేడియో కేంద్రం తయారైంది. కాని ప్రసారం చేయడానికి లైసెన్సు లేదు. గాలి తరంగాలు ప్రజల సొత్తు అని 1995లోనే సుప్రీంకోర్టు చెప్పింది. అయినా చిన్న సంస్థలకు అనుమతి దొరకడానికి 2006 దాకా పట్టింది.

అన్నేళ్ళు వాళ్ళు ఊరుకోలేదు. పాటలు, ముచ్చట్లు, మందుమాకుల సంగతులు క్యాసెట్లలో రికార్డు చేశారు. ఆ క్యాసెట్లను సంఘం మీటింగుల్లో వినిపించారు. 2008 అక్టోబరు 15న సంఘం రేడియో గాలిలోకి వచ్చింది. 90.4 దగ్గర ముల్లు పెడితే జహీరాబాదు యాసలో, ఆడవాళ్ళ గొంతులో మాటలు వినిపించాయి.

ఇంకెక్కడైనా ఇట్లా జరిగిందా?

జరిగింది. గుజరాత్‌లో అహ్మదాబాదులో 'సేవా' అనే ఆడకూలీల సంఘం ఉంది. 1984లో అక్కడ సుమారు 20 మంది వీడియో నేర్చుకున్నారు. వాళ్ళలో కూరగాయలు అమ్ముకునే వాళ్ళు కూడా ఉన్నారు.

అంతకు ముందు 1967లో కెనడా దేశంలో ఫోగో అనే దీవిలో ఒక ప్రయోగం జరిగింది. అక్కడి జనం చేపలు పట్టి బతికేవాళ్ళు. దీవి ఖాళీ చేసి పొమ్మని ప్రభుత్వం ఒత్తిడి చేస్తోంది. ప్రభుత్వ సినిమా సంస్థలో పనిచేసే కోలిన్ లో అనే దర్శకుడు అక్కడి వాళ్ళ మాటలతో చిన్న చిన్న సినిమాలు తీశాడు. తీసినవి దీవిలోనే వాళ్ళకు చూపించాడు. పక్క ఊరి వాళ్ళ కష్టమూ తమ కష్టమూ ఒకటేనని జనానికి తెలిసింది. ఆ సినిమాలను ప్రభుత్వంలో ఉన్నవాళ్ళకూ చూపించారు. జనం దీవి వదలలేదు. సహకార సంఘం పెట్టుకుని నిలబడ్డారు.

ఇది బతుకుదెరువు అవుతుందా?

ఉన్నమాట చెప్పుకుందాం. డాక్యుమెంటరీ పనిలో పెద్ద డబ్బు లేదు. టిక్కెట్టు కొని చూసేవాళ్ళు తక్కువ. ఒక సినిమాకు డబ్బు దొరికితే ఇంకోదానికి దొరకదు. జహీరాబాదు అక్కలు కూడా కెమెరాను నమ్ముకుని ఎవుసం వదులుకోలేదు.

అయితే నేర్చుకున్న పని వృథా పోదు. కెమెరా, చప్పుడు, ఎడిటింగ్ తెలిసిన వాళ్ళకు పెళ్ళి వీడియోలు, కేబుల్ టీవీ వార్తలు, సంస్థల సినిమాలు ఇట్లా ఏదో ఒక పని దొరుకుతుంది. ఇప్పుడు ఫోనులోనే కెమెరా ఉంది. ఖర్చు తగ్గింది. కాని ఫోను ఉన్నంత మాత్రాన సినిమా రాదు. వినే ఓపిక, అడిగే ధైర్యం, నిజాన్ని కొయ్యకుండా ఉంచే నీతి, ఈ మూడూ ఇప్పటికీ మనిషే తెచ్చుకోవాలి.

మరి అక్షరాలు ఎందుకు?

ఈ పాఠం చదివాక ఎవరైనా అడగవచ్చు. "చదువు లేకుండానే వాళ్ళు సినిమాలు తీసిన్రు గదా. మరి మేం పొద్దుగూకినంక పలక పట్టుకుని ఎందుకు కూసోవాలె?"

ఇది మంచి ప్రశ్న. సతీష్ గారే 1999లో ఈ ప్రశ్న వేస్తూ ఒక వ్యాసం రాశారు. అక్షరాలు చేసే పనిని వీడియో, రేడియో చేయగలవా అని ఆయన అడిగారు. అక్షరాలు రానంత మాత్రాన తెలివి లేనివాళ్ళని అనుకోవడం తప్పని ఈ అక్కలు రుజువు చేశారు. చదువు చెప్పే మాలాంటి వాళ్ళం ఆ మాట మరిచిపోకూడదు. మీరు కేంద్రానికి వచ్చేటప్పుడు ఖాళీ చేతులతో రారు. విత్తనం గురించి, పశువుల గురించి, మనుషుల గురించి మాకు తెలియని ఎన్నో సంగతులు తెచ్చుకుని వస్తారు.

కాని ఇంకో పక్క కూడా చూడాలి. మన మాటను బయటికి చెప్పడానికి కెమెరా సాయపడుతుంది. బయటి మాట మన మీదికి ఎట్లా వస్తుంది? ఎక్కువగా కాగితం రూపంలోనే వస్తుంది. విత్తనం సంచీ మీద చిన్న అక్షరాలుంటాయి. బ్యాంకు అప్పు కాగితం ఉంటుంది. భూమి పాసుపుస్తకం ఉంటుంది. "ఈ సినిమా మీద హక్కులన్నీ మావే" అని రాసి సంతకం పెట్టమనే కాగితం కూడా ఉంటుంది. చదవకుండా వేలిముద్ర వేస్తే, మనం తీసిన బొమ్మ కూడా మనది కాకుండా పోతుంది.

అందుకని కెమెరా గొప్పదా, అక్షరం గొప్పదా అని పోటీ పెట్టనక్కర్లేదు. దున్నడానికి నాగలి కావాలి, కొయ్యడానికి కొడవలి కావాలి. ఏ పనికి ఆ పనిముట్టు. రెండూ మన చేతిలో ఉండటం మంచిది.

ఆలోచించండి, చర్చించండి

1. మీ ఊరి గురించి ఒక సినిమా తీయాలంటే ఏ విషయం మీద తీస్తారు? ముందు ఎవరితో మాట్లాడతారు?

2. ఇంతవరకు మీ ఊరికి ఎవరైనా ఫొటోలు, వీడియోలు తీసుకోవడానికి వచ్చారా? తీసింది మళ్ళీ మీకు చూపించారా?

3. 'సంఘం షాట్' అనే పేరులో ఉన్న భావం ఏమిటి? మీ పనిలో నుంచి అలాంటి పేర్లు ఏమైనా చెప్పగలరా?

4. ఒకరి మాటలో సగం ఉంచి సగం కోసేస్తే ఏమవుతుందో ఒక ఉదాహరణ చెప్పండి.

5. మీరు ఈ మధ్య సంతకం పెట్టిన కాగితం ఏది? అందులో ఏం రాసి ఉందో చదివారా? ఈసారి కేంద్రానికి వచ్చేటప్పుడు తెచ్చుకోండి. అందరం కలిసి చదువుదాం.